భూమి తగాదాలు – కోర్టు నిషేధాజ్ఞలు

తెనాలి, బాపట్ల, రేపల్లె ప్రాంతముల సంఘచరిత్ర వ్రాయదలచినవారు బాప్తిస్మపు రిజిస్టర్లతోపాటు కోర్టు కాగితములను కూడ తిరుగవేయవలసియుండును. 1842లో హయ్యరు దొరగారు గుంటూరు చేరిరి. 1855లో బెజవాడ వద్ద కృష్ణ ఆనకట్ట పూర్తియైనది. కాలువనీరు పారిన పిమ్మట ఈ డెల్టాలో జానెడు నేలకును వెల వచ్చినది. వెల వచ్చినచోట హద్దు తగాదా రాకమానదు. గుడి స్థలము, బడి స్థలము, సమాధుల దొడ్డి, పాలెములోని ఇండ్ల స్థలములు, ఏదియు దీనికి దూరము కాలేదు.

ఇట్టి తగాదాలో వాది మొదట అడుగునది ఇంజంక్షన్ ఆర్డరు, అనగా నిషేధాజ్ఞ. దీని పుట్టుక సంఘస్థులు తెలిసికొనదగినది. మధ్యయుగముల ఇంగ్లండులో రాజుగారి ఛాన్సలర్లు చాలమంది బిషప్పులే. మామూలు కోర్టులలో న్యాయము దొరకనివారు వారి యొద్దకు పోయెడివారు. వారు ఎదుటివాని మనస్సాక్షిని ఆధారము చేసికొని, ఈ పని చేయవద్దని ఆజ్ఞాపించెడివారు. ఆజ్ఞ నేలమీద కాదు, మనిషిమీద. మీరినవానిని చెరలో ఉంచుట, అతని ఆస్తిని పట్టుకొనుట వారి ఆయుధములు. ఆ రెండు ఆయుధములే నేటికిని మన సివిల్ ప్రొసీజరు కోడులో ఉన్నవి.

1908 నాటి కోడులో 39వ ఆర్డరు తాత్కాలిక నిషేధాజ్ఞలకు సంబంధించినది. ఆజ్ఞ మీరినవానికి ఆరు నెలల వరకు సివిల్ జైలు అని మొదట ఉండెను. 1976 సవరణచేత 2ఏ అను రూలు చేర్చి, జైలును మూడు నెలలకు తగ్గించిరి. ఆస్తిజప్తు మాత్రము అట్లే నిలిచినది. జప్తు ఏడాది మించి ఉండదు. అప్పటికిని మొండికేసినచో ఆస్తిని వేలము వేసి, నష్టపడినవారికి పరిహారమిప్పించవచ్చును. దావా ముగిసి శాశ్వత నిషేధాజ్ఞ డిక్రీ అయినపుడు 21వ ఆర్డరు 32వ రూలు క్రింద అమలు జరుగును. ఇవిగాక 1971 నాటి కోర్టు ధిక్కార చట్టమున్నది. దాని ప్రకారము హైకోర్టు ఆరు నెలల వరకు సాధారణ ఖైదు, లేక రెండువేల రూపాయల వరకు జుల్మానా, లేక రెండును విధింపవచ్చును.

మన సంఘములలో మేము తరచుగా వినుమాట ఒకటున్నది: "స్థలము మనదే కదా, దస్తావేజు మన పేరనే ఉన్నది కదా, ఆర్డరు మనలనేమి చేయును?" ఈ వాదము కోర్టులో నిలువదు. ఆర్డరు తప్పని తోచినచో దానిని రద్దుచేయుమని అదే కోర్టును అడుగవచ్చును, లేదా పైకోర్టుకు అప్పీలు చేసికొనవచ్చును. రద్దగువరకు మాత్రము తలవంచవలసినదే. 1997లో సుప్రీంకోర్టు, బొంబాయి నుండి వచ్చిన ఒక దావాలో ఇంకను దూరము పోయి, ఆర్డరిచ్చిన కోర్టుకు ఆ దావా వినుటకే అధికారము లేదని తరువాత తేలినను, ఆర్డరు అమలులో ఉండగా మీరినవాడు శిక్షార్హుడే అని తీర్పు చెప్పినది. రాత్రికి రాత్రి గోడ లేపినచో ఇక పడగొట్టరు అనుకొనుట కూడ పొరబాటే. మునుపటి స్థితికి తెమ్మని కోర్టు ఆజ్ఞాపింపగలదు. అపుడు సిమెంటు ఖర్చు, కూల్చివేత ఖర్చు రెండును మన నెత్తినే పడును.

ఈ చట్టము పేదవాని మీదికే పోవునని తలంచువారు గుంటూరును ఆనుకొనియున్న అడవితక్కెళ్లపాడు సంగతి వినవలెను. అచ్చటి గుడిసెలవారి విషయమై హైకోర్టు 2013 డిసెంబరు 11న ఆజ్ఞ ఇచ్చినది. దానిని లెక్కచేయక తహసీల్దారు గుడిసెలు కూల్పించెను. నిరుపేద కుటుంబములు వీధిన పడినవి. ఆ నిరుపేదలే హైకోర్టులో ధిక్కారపు అర్జీ వేసిరి. హైకోర్టు ఆయనకు రెండు నెలల ఖైదు విధించినది. డివిజన్ బెంచికి చేసిన అప్పీలు కొట్టివేయబడెను. ఈలోగా ఆయన డిప్యూటీ కలెక్టరుగా పెరిగెను. 2025 మే 9న సుప్రీంకోర్టు ఆయన కుటుంబమును తలంచి జైలు తప్పించినది గాని, తిరిగి తహసీల్దారు హోదాకు దించి, లక్ష రూపాయల జుల్మానా కట్టుమన్నది. గుడిసెలవారి కుటుంబములను తలంచనివానికి కోర్టు ఆయన కుటుంబమును బట్టి దయచూపుట గమనించదగినది. నాబోతుకు ఇట్టి కోర్టు లేకపోయెను. ఊరి పెద్దలే యెజెబెలు వ్రాసిన తాకీదుకు లోబడి కూర్చుండిరి.

నేడు రేపల్లె, బాపట్ల 2022లో ఏర్పడిన బాపట్ల జిల్లాలోను, తెనాలి గుంటూరు జిల్లాలోను ఉన్నవి. జిల్లాలు మారినను ఆర్డరు బలము మారదు. సంఘ పెద్దలు ఇంకొక సంగతి ఎరిగియుండవలెను. ధిక్కార చట్టములో కంపెనీ అనగా వ్యక్తుల సమాజము కూడ వచ్చును. సమాజము తప్పుచేసినచో, ఆ సమయమున దాని వ్యవహారములు నడుపు బాధ్యత గలవారు దోషులుగా ఎంచబడుదురు. తమకు తెలియకుండ జరిగినదనియో, ఆపుటకు తగిన జాగ్రత్త తీసికొంటిమనియో రుజువు చేసికొనవలసినది వారే. గోడ కట్టుటకు కమిటీ ఏకగ్రీవముగా తీర్మానించినదని మినిట్సు పుస్తకములో వ్రాసియుండుట అట్టి వేళ రక్షణ కాదు. ఎవరెవరు చేతులెత్తిరో చూపు సాక్ష్యమగును.