పాస్‌పోర్టులో ఎవరి పేరు?

పెళ్ళయ్యాక ఆడదాని ఇంటిపేరు మారాల్సిందేనని ఎవరు చెప్పారు? చట్టమేమో అనుకుంటాం. కాదు, ఆనవాయితీ. ఆనవాయితీ ఎక్కడ ఆగుతుందో, చట్టం ఎక్కడ మొదలవుతుందో గట్టిగా అడిగిన స్త్రీల సంగతి చెబుతాను, వినండి.

రూత్ హేల్ అమెరికాలో పత్రికా రచయిత్రి. 1917లో హేవుడ్ బ్రూన్‌ను పెళ్ళాడినా తన పేరు వదులుకోలేదు. 1921లో ఫ్రాన్సు ప్రయాణానికి సొంత పేరుతోనే పాస్‌పోర్టు కావాలన్నది. అధికారులు ఆమె పేరు వేసి, ఉరఫ్ మిసెస్ హేవుడ్ బ్రూన్ అని తగిలించారు. ఆమె ఏం చేసిందంటారు? ఆ పాస్‌పోర్టే వద్దన్నది. ప్రయాణం మానుకున్నది. భర్త కూడా మానుకున్నాడు! ఆ ఏడే లూసీ స్టోన్ లీగ్ ఏర్పడింది. పెళ్ళయినా పుట్టింటి పేరు నిలుపుకోవడం స్త్రీ హక్కని వాదించింది. చివరికి 1925లో లీగు సభ్యురాలు డోరిస్ ఫ్లైష్‌మన్‌కు పుట్టింటి పేరుతోనే పాస్‌పోర్టు వచ్చింది. అక్కడ పెళ్ళయిన స్త్రీకి అలా రావడం అదే మొదలు.

మన దేశంలో? పెళ్ళయిన స్త్రీలు పాస్‌పోర్టులో పేరు మార్చుకోనక్కర్లేదని 2017 ఏప్రిల్‌లో ప్రధాని నరేంద్ర మోదీ ప్రకటించారు. మార్చుకోదలిస్తే అది మీ ఇష్టం. అయితే ఒక్క మాట. పేరైనా, పుట్టినతేదీ అయినా పాత పుస్తకంలో మీ కలంతో దిద్దకండి. 1967 పాస్‌పోర్టు చట్టం ప్రకారం అది నేరం. తగిన రుజువులతో రీ-ఇష్యూకు దరఖాస్తు పెట్టండి. సరైన వివరాలతో కొత్త పుస్తకమే ఇస్తారు.

పేరు మీది. దానిమీద నిర్ణయమూ మీదే కావాలి కదా!