స్టీరియో యంత్రము – దాని సంరక్షణ

వీధిలో సన్నాయి మ్రోగినప్పుడు అది ఏ దిక్కునుండి వచ్చుచున్నదో మనము కన్నులు మూసికొనియే చెప్పగలము. ఒక చెవికి ముందుగాను, రెండవదానికి లేశమాత్రము ఆలస్యముగాను చేరు ధ్వనిని బట్టి మనస్సు దిక్కును గ్రహించును. కాని 1877లో ఎడిసన్ ఫోనోగ్రాఫును, 1887లో బెర్లినర్ గ్రామఫోనును కనిపెట్టిన పిమ్మట చిరకాలము యంత్రసంగీతము ఒక్క బాకానుండియే వెలువడినది. గాయకుడు, ఫిడేలు, మృదంగము అందరును ఒకే పీటపై ఇరుకుకొని కూర్చున్నట్లు తోచెడిది.

ఈ కొరతను తీర్చుటకు మార్గము చూపినవారిలో ముఖ్యుడు ఆంగ్ల ఇంజనీరు ఆలన్ బ్లూమ్‌లైన్. రికార్డుపై గాడికి రెండు గోడలున్నవి గదా! ఒక్కొక్క గోడపై ఒక్కొక్క ప్రక్క ధ్వనిని చెక్కినచో ఒకే ముల్లు రెండింటిని చదువగలదని ఆయన యోచన. 1931 డిసెంబరులో పేటెంటు కోరినాడు. 1934లో లండనులోని ఆబీ రోడ్ స్టూడియోలో బీచమ్ నిర్వహించిన మోజార్ట్ సింఫనీని ఈ పద్ధతిపై ముద్రించి చూచిరి. అయినను నిమిషమునకు 78 మార్లు తిరిగెడి నాటి లక్క రికార్డు కొద్ది నిమిషములలోనే ముగిసెడిది. 1942లో రాడారు పరీక్షకై ఎక్కిన విమానము కూలి, 38 ఏండ్లకే బ్లూమ్‌లైన్ మరణించినాడు. 1948లో కొలంబియావారి లాంగ్ ప్లే రికార్డు వచ్చినది; 1958లో స్టీరియో రికార్డులు అంగళ్ళకెక్కినవి. తన ఊహ ఇండ్లలో పలుకుటను ఆయన వినలేదు.

1982లో కాంపాక్ట్ డిస్కు వచ్చినను, నేడు సంగీతము జేబులోని ఫోనులో ఇమిడినను, ఆ పాత యంత్రములను విడువనివారున్నారు. మర విప్పిన లోపలి పని కంటికి కనబడును. చెడిన భాగమును మార్చుకొనవచ్చును. వాటి ఆకర్షణకు ఇదియు ఒక కారణము.

అయితే వాటికి శుశ్రూష కావలయును. వజ్రపు ముల్లయినను అరుగును. అరిగినది ఉలివలె గాడిని చెక్కివేయును. ముల్లుపై బరువు, పెక్కింటికి ఒకటిన్నర మొదలు మూడు గ్రాములు, తయారీదారు చెప్పినంతయే ఉండవలయును. రబ్బరు బెల్టు సాగినచో వేగము తగ్గి శ్రుతి దిగును. ఆంప్లిఫయరులోని కండెన్సర్లు ఎండినచో స్పీకరులో హోరు పుట్టును. ఏండ్లతరబడి మూలబడిన యంత్రమునకు ఒక్కసారిగా కరెంటు ఇయ్యరాదు. ప్లగ్గు తీసిన పిదప కూడ కండెన్సర్లలో ప్రాణాంతకమైన విద్యుత్తు నిలిచియుండవచ్చును గనుక, పనివాడు చూచుటయే క్షేమము. రికార్డులను ఒకదానిపైనొకటి పేర్చక, ఎండ తగులని చోట నిలువుగా ఉంచవలయును.

మన రంగస్థల పద్యములనేకము 78 రికార్డులలో ఉన్నవి. వాటి గాడి వెడల్పైనది. స్టీరియో ముల్లు అందులో అడుగునకు జారి బరబరలాడును. వేరు ముల్లు అమర్చవలయును. ఇట్టి చిన్న మర్మములు ఎరిగిన మెకానిక్కులు తగ్గిపోవుచున్నారు. గాడిలో స్వరము భద్రముగానే ఉండవచ్చును; దానిని పలికింపగల చేయి లేనప్పుడు అది మూగయే. కనుక మన ఇంట పాత యంత్రమున్నచో దానిని అటుక ఎక్కించుటకు ముందు, బాగుచేయగల వానియొద్ద ఒక పిల్లవానిని కూర్చుండబెట్టి ఆ విద్య నేర్పింతము.