రోడ్డు ప్రమాద గాయాల తదుపరి చికిత్స: మెడికల్ కోడింగ్

రోడ్డు ప్రమాదంలో గాయపడినవారు అసలు చికిత్స అయిపోయాక కూడా చాలాసార్లు ఆసుపత్రికి రావలసి ఉంటుంది. కుట్లు విప్పించుకోవడానికి, కట్టు మార్పించుకోవడానికి, ఎముక అతుక్కుందో లేదో ఎక్స్‌రేలో చూపించుకోవడానికి, ఫిజియోథెరపీకి, లోపల వేసిన రాడ్డు తీయించుకోవడానికి వస్తారు. ఇలా వచ్చిన ప్రతిసారీ జరిగినదాన్ని నిర్ణీత సంకేతాలతో నమోదు చేసే పద్ధతే ఈ వ్యాస విషయం. ఇందులో ఎక్కువ భాగం అమెరికాలో అమలులో ఉన్న ఐసీడీ-10-సీఎం (రోగనిర్ధారణ కోడ్లు), సీపీటీ (వైద్యుడు చేసిన పనికి కోడ్లు) పద్ధతుల గురించి. హైదరాబాదులో, విశాఖపట్నంలో పనిచేసే కోడర్లు చదివేవి చాలావరకు అక్కడి చార్టులే. భారతదేశంలోని పరిస్థితి చివర ఉంది.

నేపథ్యం

2015 సెప్టెంబరు 30 వరకు అమెరికాలో ఐసీడీ-9-సీఎం వాడుకలో ఉండేది. అందులో విరిగిన ఎముకకు మొదట ఒక కోడు ఉండేది. మానుతున్న దశలో దాన్ని వదిలి వీ54 వరుసలోని కోడు వేసేవారు. మిగిలిపోయిన ఇబ్బందులకు 905 నుంచి 909 వరకు వేరే వరుస ఉండేది. వీ54.16 అని రాస్తే మోకాలి కింది ఎముక మానుతోందని మాత్రమే తెలిసేది. కుడికాలా ఎడమకాలా, చర్మం చీల్చుకొని బయటికి వచ్చిన ఎముకా కాదా అన్న వివరాలు ఆ కోడులో ఉండేవి కావు. కొత్త పద్ధతిలో వచ్చిన పెద్ద మార్పు ఇదే: గాయం కోడు చికిత్స చివరిదాకా అదే ఉంటుంది, చివరి అక్షరం మాత్రం మారుతుంది.

మాతృక అయిన ఐసీడీ-10 ఎప్పుడు మొదలైందన్న దానికి 1990, 1993, 1994 అనే మూడు సంవత్సరాలు వేర్వేరు గ్రంథాల్లో కనిపిస్తాయి. ప్రపంచ ఆరోగ్య సభ దాన్ని ఆమోదించింది 1990 మేలో. తీర్మానం ప్రకారం అమలు తేదీ 1993 జనవరి 1. సభ్యదేశాలు నిజంగా వాడటం మొదలుపెట్టింది 1994 నుంచి అని ప్రపంచ ఆరోగ్య సంస్థే తర్వాత రాసుకుంది కాబట్టి, వాడుక గురించి మాట్లాడేటప్పుడు 1994 తీసుకోవడం మేలు. అమెరికా ఆసుపత్రుల్లో రోగనిర్ధారణ కోడింగుకు అది ఆలస్యంగా వచ్చింది. 2009 జనవరి నాటి నిబంధన 2013 అక్టోబరు 1ని గడువుగా పెట్టింది. అది ఒకసారి 2014కు, మరోసారి 2015కు జరిగి, చివరికి 2015 అక్టోబరు 1న అమలులోకి వచ్చింది.

ఏడో అక్షరం

ఐసీడీ-10-సీఎంలో గాయాల కోడ్లు ఎస్, టి అక్షరాలతో మొదలవుతాయి. వాటిలో చాలావాటికి ఏడో స్థానంలో ఒక అక్షరం తప్పనిసరి. మధ్యలో స్థానాలు ఖాళీగా ఉంటే ఎక్స్‌తో నింపుతారు. ఉదాహరణకు, వెనక నుంచి కారు గుద్దినప్పుడు మెడ స్నాయువులు బెణికినవారు ఫిజియోథెరపీకి వస్తే ఎస్13.4ఎక్స్ఎక్స్‌డి. సాధారణ గాయాలకు మూడే అక్షరాలు. చురుకైన చికిత్స సాగుతుంటే ఎ, మానే దశలో మామూలు పర్యవేక్షణకు డి, గాయం మానిపోయాక మిగిలిన ఇబ్బందికి ఎస్.

కొత్తగా ఈ పనిలోకి వచ్చినవారు ఎ అంటే రోగి మొదటిసారి రావడం, డి అంటే రెండోసారి నుంచి అని లెక్కపెడతారు. అది సరికాదు. ఈ అక్షరం చెప్పేది చికిత్స ఏ దశలో ఉందన్న సంగతి, రోగి ఎన్నోసారి వచ్చాడన్నది కాదు. అత్యవసర విభాగంలో తాత్కాలికంగా బద్ద కట్టి పంపితే ఎ. మూడు రోజుల తర్వాత వేరే ఆసుపత్రిలో ఎముకల వైద్యుడు శస్త్రచికిత్స చేస్తే అదీ ఎ. శస్త్రచికిత్స అయ్యాక కుట్లు విప్పడానికి ఇంకో వైద్యుడి దగ్గరికి మొదటిసారి వెళ్లినా అది డి. తొలి రోజుల్లో మార్గదర్శకాల్లో ఈ విషయం అంత స్పష్టంగా లేకపోవడంతో భిన్నాభిప్రాయాలు నడిచాయి. అమెరికన్ హాస్పిటల్ అసోసియేషన్ వెలువరించే కోడింగ్ క్లినిక్ 2015 తొలి సంచికలో దీన్ని విడిగా చర్చించింది. ఇప్పుడు వైద్యుడు మారితే కాదు, చికిత్స దశ మారితేనే అక్షరం మారుతుందన్న పాఠమే ప్రామాణికం.

ఎముకలు విరిగినప్పుడు అక్షరాల సంఖ్య బాగా పెరుగుతుంది. ముంజేయి, తొడ, మోకాలి కింది భాగం ఎముకల్లో చాలావాటికి పదహారు అక్షరాలున్నాయి. మిగతావాటికి సాధారణంగా ఏడుంటాయి. ఆ మూడు చోట్ల ఎముక బయటికి వచ్చిన గాయాన్ని, దాని తీవ్రతను చెప్పే గస్టిలో-ఆండర్సన్ తరగతుల ప్రకారం విడదీయడమే కారణం. ఈ వర్గీకరణకు 1976 అని కొందరు, 1984 అని కొందరు తేదీ ఇస్తారు. మూల వ్యాసం 1976దే. మూడో తరగతిని ఎ, బి, సి అని చీల్చింది 1984లో. కోడింగులో వాడేది ఈ చీలిక కాబట్టి ఇక్కడ రెండో తేదీకే ప్రాధాన్యం.

ఒక కేసు తీసుకుందాం. కారు నడుపుతున్న వ్యక్తికి ఇంకో కారు గుద్ది కుడి మోకాలి కింది పెద్ద ఎముక ముక్కలై, స్థానం తప్పి, చర్మం చీల్చుకొని బయటికి వచ్చింది. గాయం రెండో తరగతి. లోపల రాడ్డు వేసిన రోజు కోడు ఎస్82.251బి. రెండు వారాల తర్వాత కుట్లు విప్పడానికి వస్తే ఎస్82.251ఇ. నాలుగో నెలలో వైద్యుడు ఎముక ఆలస్యంగా అతుక్కుంటోందని రాస్తే చివరి అక్షరం హెచ్. అసలు అతుక్కోలేదని నిర్ధారిస్తే ఎం. వంకరగా అతుక్కుంటే క్యూ. ఇదే ఎముక చర్మం లోపలే విరిగి ఉంటే ఇవి వరుసగా ఎ, డి, జి, కె, పి అయ్యేవి. అతుక్కోని ఎముకకు మళ్లీ శస్త్రచికిత్స చేసినా అక్షరం ఎం గానే ఉంటుంది, తిరిగి బి కాదు. అది చురుకైన చికిత్సే కదా అన్న అభ్యంతరం సహేతుకమే, కానీ మార్గదర్శకాలు ఇక్కడ నిక్కచ్చిగా ఉన్నాయి. ఒకే మినహాయింపు ఉంది: మొదట్లో వైద్యమే చేయించుకోక, అతుక్కోని స్థితిలోనే తొలిసారి వచ్చిన రోగికి ఎ, బి, సిల్లో ఒకటి వేస్తారు.

వైద్యుడి నోటులో ఎముక స్థానం తప్పిందో లేదో లేకపోతే తప్పినట్టుగా తీసుకోవాలి. బయటికి వచ్చిందో లేదో లేకపోతే లోపలే ఉన్నట్టుగా తీసుకోవాలి. బయటికి వచ్చిందని ఉండి తరగతి లేకపోతే ఒకటి, రెండు తరగతుల అక్షరమే. “గాయం బాగుంది, ఆరు వారాలకు రండి” అన్న ఒక్క వాక్యంతో ముగిసే నోటులు చాలా వస్తాయి. వాటిని చూసి ఎముక ఆలస్యంగా మానుతోందని కోడర్ సొంతంగా ఊహించకూడదు. వైద్యుణ్ణి అడగాలి.

రాడ్డు, ప్లేటు, చీము

గాయాల తదుపరి చికిత్సకు జడ్ వరుసలోని సాధారణ పర్యవేక్షణ కోడ్లు వాడకూడదన్నది పద్ధతి. అయితే ఎముక పూర్తిగా మానాక లోపలి రాడ్డు, ప్లేటు తీయడానికి వస్తే జడ్47.2 ఉంది. ఎముకకు బయట బిగించిన ఇనుప చట్రాన్ని తీయడానికి వస్తే మాత్రం ఆ కోడు పనికిరాదు, విరిగిన ఎముక కోడుకే డి తగిలించాలని జాబితాలోని గమనిక చెబుతుంది. రెండూ చూడటానికి ఒకే రకం పని కావడంతో ఆడిట్లలో ఇక్కడ తరచు తప్పులు దొరుకుతాయి.

రాడ్డు వేసినచోట చీము పడితే కొత్త కోడు కావాలి. కుడి మోకాలి కింది పెద్ద ఎముకలోని రాడ్డుకైతే టి84.622ఎ. ఎముక నెలల కిందట విరిగినా, చీముకు చికిత్స ఇప్పుడే మొదలైంది కాబట్టి దీనికి ఎ.

మిగిలిపోయిన ఇబ్బందులు

గాయం మానాక మోకాలు బిగుసుకుపోవడం, దీర్ఘకాలిక నొప్పి, కీలు అరగడం లాంటివి మిగిలితే రెండు కోడ్లు పడతాయి. ముందు ఇప్పటి ఇబ్బంది, తర్వాత ఎస్ అక్షరంతో పాత గాయం. కుడి మోకాలి బిగుతుకు ఎం25.661, దాని వెనుక ఎస్82.251ఎస్. ఈ వరుస తిరగబడకూడదు. దీనికి కాలపరిమితి ఏమీ లేదు. గాయమైన ఇరవై ఏళ్లకు వచ్చిన ఇబ్బందికైనా వేయవచ్చు, సంబంధం ఉందని వైద్యుడు రాస్తే చాలు.

ప్రమాదం ఎలా జరిగిందన్న కోడు

ప్రమాద కారణాలు వీ వరుసలో ఉంటాయి. పైన చెప్పిన డ్రైవరుకు మొదట వీ43.52ఎక్స్ఎ, తదుపరి చికిత్సలో వీ43.52ఎక్స్‌డి. చికిత్స సాగినంతకాలం దీన్ని వేయవచ్చు, కానీ మొదటి స్థానంలో ఎప్పుడూ ఉండకూడదు. ప్రమాదం జరిగిన చోటు, అప్పుడు ఏం చేస్తున్నారన్న కోడ్లు మాత్రం తొలి చికిత్సప్పుడు ఒక్కసారే. కారణం కోడు తప్పనిసరి అన్న జాతీయ నియమం అమెరికాలో లేదు. కొన్ని రాష్ట్రాలు, కొన్ని బీమా సంస్థలు అడుగుతాయి. వేయడమే మంచిదని ఈ వ్యాసకర్త అభిప్రాయం. అందులో ఏడో అక్షరం కూడా సరిగ్గా పడాలి. గాయాల గణాంకాలు సేకరించేవారు తొలి చికిత్స అక్షరాలున్న రికార్డులనే కొత్త గాయాలుగా లెక్కిస్తారు. కట్టు మార్చడానికి వచ్చిన మనిషికి పొరపాటున ఎ పడితే ఒకే ప్రమాదం రెండుసార్లు లెక్కకు వస్తుంది. బీమా సంస్థ కూడా అది కొత్త గాయమేమోనని క్లెయిము ఆపుతుంది, ఆ భారం రోగి మీద పడుతుంది.

బిల్లు

వైద్యుడు చేసిన పనికి సీపీటీ కోడ్లు వేరే. వీటిని అమెరికన్ మెడికల్ అసోసియేషన్ 1966 నుంచి వెలువరిస్తోంది. మోకాలి కింది ఎముకలో రాడ్డు వేయడానికి 27759. ఇలాంటి పెద్ద శస్త్రచికిత్సల రుసుములోనే 90 రోజుల తదుపరి చికిత్స కలిసి ఉంటుందని అమెరికా ప్రభుత్వ ఆరోగ్య బీమా అయిన మెడికేర్ నియమం. ముందు రోజును, శస్త్రచికిత్స రోజును కలిపితే మొత్తం 92 రోజులు. ఆ గడువులో కుట్లు విప్పడానికి వస్తే 99024 అని నమోదు చేస్తారు, దానికి డబ్బు రాదు. ఎక్స్‌రేకు విడిగా వస్తుంది. పుండు చెడి మందులతో నయం చేస్తే మెడికేర్ దాన్నీ రుసుములోనే కలుపుతుంది. మళ్లీ థియేటరుకు తీసుకువెళ్లవలసి వస్తేనే 78 అనే మార్పు సంకేతంతో విడిగా చెల్లిస్తుంది. సీపీటీ పుస్తకం మాత్రం మామూలుగా ఎదురయ్యే పర్యవేక్షణనే కలుపుతుంది కాబట్టి, ప్రైవేటు బీమా సంస్థల తీరు ఒకదానికొకటి తేడాగా ఉంటుంది.

ప్రయాణంలో ప్రమాదం జరిగి ఒక రాష్ట్రంలో శస్త్రచికిత్స, సొంతూళ్లో తదుపరి చికిత్స జరగడం తరచు చూసేదే. అప్పుడు శస్త్రచికిత్స చేసినవారు 54, పర్యవేక్షించేవారు 55 మార్పు సంకేతం చేర్చి రుసుమును పంచుకుంటారు. 55 వేయాలంటే బదిలీ పత్రం రాతలో ఉండాలి. అది లేకుండా వచ్చిన రోగిని చూసిన వైద్యుడి కోసం మెడికేర్ 2025 జనవరి నుంచి జి0559 అనే అదనపు కోడు తెచ్చింది. క్లెయిము ఫారంలో వాహన ప్రమాదమా అన్న గడి నింపడం, ఏ రాష్ట్రంలో జరిగిందో రాయడం మరిచిపోకూడదు. ముందు చెల్లించవలసింది వాహన బీమానా ఆరోగ్య బీమానా అన్నది దాన్నిబట్టే తేలుతుంది.

భారతదేశంలో

ఇక్కడ వాడేది ప్రపంచ ఆరోగ్య సంస్థ మూల ఐసీడీ-10. అందులో ఏడో అక్షరం పద్ధతి లేదు. విరిగిన ఎముక చికిత్స తర్వాతి పరీక్షకు జడ్09.4, లోపలి ప్లేటు తీయడానికి జడ్47.0, తొడ ఎముక విరిగిన తర్వాత మిగిలిన ఇబ్బందికి టి93.1, వాహన ప్రమాదపు శేషానికి వై85.0 ఉన్నాయి. 2022 జనవరి 1 నుంచి అమలులోకి వచ్చిన ఐసీడీ-11లో గాయం, దాని వివరాలు, కారణం విడివిడి కోడ్లుగా ఉండి ఒక గుచ్ఛంగా కలుస్తాయి.

ఆంధ్రప్రదేశ్‌లో 2007లో మొదలైన ఆరోగ్యశ్రీ నడిచేది ప్యాకేజీల మీద. ఎంచుకున్న కొన్ని చికిత్సలకు తదుపరి సేవల ప్యాకేజీలు కూడా అందులో చేరాయి. 2025 మేలో కేంద్రం ప్రకటించిన నగదురహిత చికిత్స పథకం రోడ్డు ప్రమాద బాధితులకు లక్షన్నర రూపాయల వరకు, ప్రమాదం జరిగిన నాటి నుంచి ఏడు రోజుల పాటు వర్తిస్తుంది. కుట్లు విప్పడం, ఫిజియోథెరపీ, రాడ్డు తీయడం సాధారణంగా ఆ ఏడు రోజులు దాటాకే వస్తాయి. ఆ ఖర్చు కోసం చాలామందికి మిగిలేది మోటారు ప్రమాదాల క్లెయిముల ట్రిబ్యునల్. భవిష్యత్తు వైద్య ఖర్చును పరిహారంలో ఒక అంశంగా లెక్కించాలని సుప్రీంకోర్టు 2010 అక్టోబరులో ఒక తీర్పులో వివరించింది. న్యాయ నివేదికల్లో అది 2011 సంపుటిలో ఉండటంతో ఆ ఏడాది తీర్పుగానే ఎక్కువగా ఉదహరిస్తారు. ట్రిబ్యునల్ చూసేది కోడ్లను కాదు, డిశ్చార్జి సమ్మరీ, ఓపీ చీటీలు, బిల్లులు, వైకల్య ధ్రువపత్రం, వైద్యుడి వాంగ్మూలాన్ని. అందువల్ల ఎముక ఎప్పుడు అతుక్కుంది, ఆలస్యమైందా, వంకరగా అతికిందా అన్న వివరాలు ప్రతి ఓపీ చీటీ మీదా తేదీతో రాయించుకోవడం బాధితుడికి అవసరం.