పెండింగు దావాలకు కొత్త భూచట్టం: సాదా బైనామాలు, అమ్రాబాద్ ఏజెన్సీ ఊళ్లు

తెలంగాణలో 1971 నాటి పట్టాదారు పాసుపుస్తకాల చట్టం 2020 అక్టోబరు 29న రద్దయి, దాని స్థానంలో కొత్త చట్టం అమల్లోకి వచ్చింది. ఆ రోజుకు సర్కారు పిలుపు మీద సాదా బైనామాల, అంటే రిజిస్టరు చేయని తెల్లకాగితపు కొనుగోళ్ల, క్రమబద్ధీకరణ దరఖాస్తులు వస్తూనే ఉన్నాయి. అక్టోబరు 12న మొదలైన గడువు నవంబరు 10న ముగిసింది. ఆ మర్నాడే హైకోర్టు మధ్యంతర ఉత్తర్వు ఇచ్చింది. అక్టోబరు 29కి ముందు అందిన రెండు లక్షల 26 వేల పైచిలుకు దరఖాస్తులను మాత్రమే పాత చట్టం కింద పరిశీలించవచ్చని, తర్వాత వచ్చిన ఆరు లక్షల 74 వేల పైచిలుకును ముట్టరాదని దాని సారాంశం. 2014కు ముందే పైసలిచ్చి, తెల్లకాగితం మీద రాయించుకుని, మోకా మీద సాగు చేసుకుంటున్నవాళ్లు ఇద్దరున్నారనుకుందాం. మీసేవకు ఒకరు ఆ తేదీకి ముందు, ఒకరు తర్వాత వెళ్లినందుకు వాళ్ల హక్కులు వేరైపోయాయి.

రద్దయిన చట్టం కింద అప్పటికే సంక్రమించిన హక్కులు, నడుస్తున్న వ్యవహారాలు అలాగే నిలుస్తాయన్నది జనరల్ క్లాజుల చట్టం చెప్పే సాధారణ సూత్రం. 1957లో గరికపాటి వీరయ్య కేసులో సుప్రీంకోర్టు దీన్ని గట్టిగా నిలబెట్టింది. 1949లో వేసిన దావాలో అప్పీలు హక్కు దావా వేసిన నాడే పుట్టిందని, రాజ్యాంగం వచ్చి అప్పీలుకు కావలసిన విలువ పెంచినా ఆ హక్కు పోదని తీర్పు. అయితే సూత్రం కాపాడేది హక్కును, హక్కు దొరుకుతుందన్న ఆశను కాదు. హాంకాంగ్ నుంచి వచ్చిన హో పో శాంగ్ కేసులో 1961లో ప్రివీ కౌన్సిల్ ఈ గీత గీసింది. ధ్రువపత్రం ఇవ్వాలా వద్దా అన్నది తేలకముందే చట్టం రద్దయింది కాబట్టి, అడిగినవాడికి ఏ హక్కూ సంక్రమించలేదంది.

సాదా బైనామా దరఖాస్తుదారును ఆ గీతకు ఏ వైపు నిలబెట్టాలి? రిజిస్టరు కాని అమ్మకంతో యాజమాన్యం రాదు, పాత చట్టం కింద ఇచ్చే 13-బి సర్టిఫికెట్టు వస్తేనే వస్తుంది. కాబట్టి కాగితం మీద చూస్తే అది ఆశే. కానీ హాంకాంగ్ కేసులోని మనిషి అడిగింది అధికారి విచక్షణ మీద ఆధారపడిన అనుమతి. ఇక్కడ రైతు అడుగుతున్నది ఎప్పుడో జరిగిపోయిన కొనుగోలుకు, చేతిలో ఉన్న కబ్జాకు గుర్తింపు. పైగా దరఖాస్తు పెట్టుకొమ్మన్నది సర్కారే. గడువు నడుస్తుండగా చట్టాన్ని రద్దు చేసి, అందులో ఆ దరఖాస్తుల గురించి ఒక్క వాక్యమైనా రాయకపోవడం శాసనకర్తల అజాగ్రత్త. కోర్టును తప్పుపట్టలేం, చట్టం లేనిచోట అధికారం ఎక్కడినుంచి వస్తుంది?

కొత్త చట్టం పెండింగు దావాలో చొరబడటం అన్నిసార్లూ అన్యాయం కాదు. ఉమ్మడి ఆంధ్రప్రదేశ్ 1986లో చట్టం చేసి, 1985 సెప్టెంబరు 5 నుంచి పెళ్లికాని కూతుళ్లకు ఉమ్మడి ఆస్తిలో కొడుకులతో సమాన వాటా ఇచ్చింది. ఎస్. సాయిరెడ్డి, ఎస్. నారాయణరెడ్డి మధ్య పంపకాల దావాలో అప్పటికే ప్రాథమిక డిక్రీ వచ్చేసింది. అయినా తుది డిక్రీతో హద్దులు పడేదాకా పంపకం పూర్తి కాదని, ఈలోగా వచ్చిన చట్టం ఆ ఇంటి పెళ్లికాని కూతుళ్లకు వర్తిస్తుందని సుప్రీంకోర్టు తేల్చింది. హిందూ వారసత్వ చట్టానికి 2005లో వచ్చిన కేంద్ర సవరణ విషయంలో 2011 నాటి గండూరి కోటేశ్వరమ్మ తీర్పూ అదే బాట పట్టింది. దీనికి భిన్నంగా, 1988 బినామీ చట్టం అంతకుముందే దాఖలైన దావాలను కొట్టేయదని 1995లో ఆర్. రాజగోపాల్ రెడ్డి కేసులో తీర్పు వచ్చింది. మూసి ఉన్న తలుపు తెరిచే చట్టాన్ని పెండింగు దావాలోకి రానివ్వవచ్చు, తెరిచి ఉన్నదాన్ని మూసేదైతే స్పష్టమైన మాట ఉంటేనే రానివ్వాలి. ఈ తీర్పుల నుంచి నేను తీసుకునే కొలమానం ఇదే. కూతురికి వచ్చే వాటా కొడుకు వాటాలోంచే పోతుందన్న ఆక్షేపణ ఉంది. నిజమే, కానీ పంపకం కాని ఆస్తిలో ఎవరి వాటా అయినా జనన మరణాలతో పెరుగుతూ తగ్గుతూ ఉండేదే.

విచారించే చోటు మారడం వేరే సంగతి. 2020 చట్టం రెవెన్యూ కోర్టులను ఎత్తేసి, వాటిలోని పదహారు వేలకు పైగా కేసులను ప్రత్యేక ట్రిబ్యునళ్లకు పంపింది. ఫలానా అధికారి ముందే విచారణ జరగాలన్న హక్కు ఎవరికీ లేదు గనక ఆ బదిలీ చెల్లుతుంది. కానీ చాలా కేసులను కక్షిదారుల మాట వినకుండానే తేల్చేశారు. 2021లో హైకోర్టు జోక్యం చేసుకుని మళ్లీ వినమనాల్సి వచ్చింది.

నల్లమలలో, ఒకప్పటి మహబూబ్‌నగర్ జిల్లా అమ్రాబాద్ ప్రాంతంలో చిక్కు ఇంకో మడత పడుతుంది. చెంచు గిరిజనుల అభివృద్ధి సంస్థ (ఐటీడీఏ) ఉన్న మన్ననూరు పరిసరాల్లో రాజ్యాంగం ఐదో షెడ్యూలు కింది ఊళ్లున్నాయి. అక్కడ గిరిజనేతరుడి బైనామాకు 1959 భూబదలాయింపు నిబంధన అడ్డు నిలుస్తుంది. అది తెలంగాణకు 1963 డిసెంబరులో వచ్చింది. 1970 ఫిబ్రవరి 3 నుంచి, జనం ‘వన్ ఆఫ్ సెవెంటీ’ అనే సవరణ, గిరిజనేతరుడు గిరిజనేతరుడికి అమ్మడాన్ని కూడా నిషేధించింది. ఈ నిబంధనకూ వెనకచూపు లేదని, అమలుకు ముందు జరిగిన బదలాయింపులను అది తాకదని 1995లో ఎస్. వెంకటరమణయ్య కేసులో సుప్రీంకోర్టు చెప్పింది. నా కొలమానం ప్రకారం అది సరైన తీర్పే. దానివల్ల చెంచులకు న్యాయం ఆలస్యమైందనేవాళ్లున్నారు. ఆ బాధ నిజం, అయితే దానికి మందు నిబంధనను వెనక్కి జరపడం కాదు, తర్వాతి తేదీలను పాతవిగా దిద్దిన కాగితాలను పట్టుకోవడం. కాబట్టి ఏజెన్సీ ఊళ్లో విచారణకు వెళ్లిన ఆర్డీవో కబ్జాకన్నా ముందు కాగితం తేదీని తేల్చాలి, పాత పహాణీలతో సరిచూడాలి.

2025 ఏప్రిల్ 14న అమల్లోకి వచ్చిన భూభారతి చట్టం ఆరో సెక్షనులో ఆగిన దరఖాస్తులకు మళ్లీ చోటిచ్చింది. ఆ ఆగస్టులో హైకోర్టు, మధ్యంతర ఉత్తర్వు వెలువడిన పాత వ్యాజ్యాన్ని ముగించింది. 2020 నాటి రద్దు చట్టంలో రాయాల్సిన వాక్యమే చివరికి సెక్షను రూపంలో వచ్చింది. అయితే ఈ సెక్షను 2020 అక్టోబరు 12, నవంబరు 10 మధ్య దరఖాస్తు పెట్టినవాళ్లకే. ఆ ముప్పై రోజుల్లో గుట్ట దిగి మీసేవ దాకా రాలేకపోయిన అమ్రాబాద్ చిన్న రైతుకు, అతని కొనుగోలు అన్నివిధాలా చట్టబద్ధమే అయినా, ఈ సెక్షనులో దారి లేదు.