రహదారి ప్రమాదములు: రుజువు భారము ఎవరిది?

1808 లో లండను నగరమున ఒక వ్యాజ్యము విచారణకు వచ్చెను. భార్యాభర్తలు ప్రయాణము చేయుచున్న గుఱ్ఱపు బండి బోల్తాపడగా భర్తకు దెబ్బలు తగిలెను; భార్య సుమారు నెలదినములు బాధపడి మరణించెను. భర్త బండి యజమానులపై దావా వేసెను. ఆమె జీవించియున్నంత కాలమునకే పరిహారము లభించునుగాని, మరణమునకు లభింపదని లార్డ్ ఎలెన్‌బరో నిర్ణయించెను. మనుష్యుని మరణము సివిలు న్యాయస్థానమున ఫిర్యాదు చేయదగిన నష్టము కాదని ఆయన మతము. అనగా, కాలు విరిచినవాడు సొమ్ము చెల్లింపవలెను. ప్రాణము తీసినవాడు చెల్లింప నక్కరలేదు!

రైలుబండ్లు వచ్చి ప్రమాదములు పెరిగిన పిమ్మట, 1846 లో బ్రిటిషు పార్లమెంటు ఈ అన్యాయమును సవరించెను. దాని ననుసరించి మన దేశమున 1855 లో ప్రాణాంతక ప్రమాదముల చట్టము వెలువడెను. మృతుని భార్యకు, తలిదండ్రులకు, బిడ్డలకు పరిహారము పొందు హక్కు కలిగెను.

హక్కు కలిగెనుగాని దానిని అనుభవించుట సులభము కాలేదు. అవతలివాని నిర్లక్ష్యమును వాదియే రుజువు చేయవలెను. చూచినవాడు చనిపోయెను, నడపినవాడు నోరు విప్పడు, దారిన పోయినవాడు కోర్టు మెట్లెక్కడు. పైగా కోరిన మొత్తమును బట్టి కోర్టు రుసుము. సంపాదించు దిక్కు పోయిన ఇల్లాలు ఇన్నిటిని ఎట్లు భరింపగలదు? గెలిచినను, బండి యజమాని వద్ద సొమ్ము లేనిచో డిక్రీ వట్టి కాగితమే.

1939 నాటి మోటారు వాహనముల చట్టము ఈ కడపటి చిక్కునకు ఉపాయము చూపెను. ఇతరులకు కలుగు హాని నిమిత్తము బీమా తప్పనిసరి యయ్యెను. ఆ భాగము 1946 లో అమలులోనికి వచ్చెను. 1956 నాటి సవరణ ప్రత్యేక ట్రిబ్యునళ్ళకు వీలు కల్పించెను. విచారణ సులువయ్యెనుగాని రుజువు భారము తొలగలేదు.

ఆ భారమును తేలికపరచు సూత్రమొకటి ఇంగ్లండులో 1863 లోనే వెలసియుండెను. లివర్‌పూలులో వీధిని పోవువానిపై పిండి వర్తకుని దుకాణము మీదినుండి పీపా యొకటి పడెను. ఎట్లు పడెనో చెప్పువారు లేరు. జాగ్రత్తగా నున్నచో పీపాలు వీధిలో పడవు గనుక, తన తప్పు లేదని వర్తకుడే చూపవలెనని న్యాయమూర్తులు పలికిరి. జరిగిన సంగతియే సాక్ష్యము చెప్పునన్నమాట.

1960 లో నాగపూరు నుండి పాంఢుర్ణా పోవుచున్న కారొకటి బాట తప్పి కుడివైపు చెట్టును ఢీకొనెను. 1977 లో మన సుప్రీంకోర్టు ఆ కేసునకు ఈ సూత్రమునే అన్వయించెను.

అయినను అదే సంవత్సరమున మరియొక తీర్పులో ఆ న్యాయస్థానమే, నిర్లక్ష్యము రుజువు కానిదే పరిహారము లేదని ఘంటాపథముగా చెప్పెను. బీమా యున్నచోట నిర్లక్ష్యపు రుజువు అక్కరలేదని అంతకుముందు ఆంధ్రప్రదేశ్ హైకోర్టు వెలిబుచ్చిన అభిప్రాయమును త్రోసిపుచ్చెను. కాని కాలము హైకోర్టు చూపిన దిక్కునకే కొంత మరలెను. 1982 లో పార్లమెంటు, తప్పుతో నిమిత్తము లేకుండ మరణమునకు 15,000 రూపాయలు, శాశ్వత వైకల్యమునకు 7,500 రూపాయలు ఇప్పించు ఏర్పాటు చేసెను. 1988 నాటి చట్టము, తరువాతి సవరణలు ఆ మొత్తములను పెంచెను. 2022 ఏప్రిల్ 1 నుండి ఈ పద్ధతిని మరణమునకు 5 లక్షలు, తీవ్రగాయమునకు రెండున్నర లక్షలు.

మృతుని ఆదాయమును బట్టి అంతకు మించిన పరిహారము కోరువారు మాత్రము నేటికిని నిర్లక్ష్యమును చూపవలసినదే. అయితే క్రిమినలు కేసులోవలె సందేహాతీతమైన రుజువు అవసరము లేదు. సంభవము ఎటు మొగ్గుచున్నదో తెలిసిన చాలునని సుప్రీంకోర్టు 2009 లో స్పష్టపరచెను. కనుక ప్రమాదస్థలమున బండి నిలిచిన తీరు, చక్రముల జాడలు, పోలీసుల పంచనామా విలువ గలవి. చూచినవారు ముందుకు వచ్చి నాలుగు మాటలు చెప్పినచో, ఒక కుటుంబమునకు న్యాయము దక్కును. చట్టము ఎంత సవరించినను, ఆ పని మాత్రము మన చేతిలోనిదే.