గడీ లోపలికి వెళ్లిన కెమెరా

1946 జులై 4న జనగామ తాలూకా కడవెండిలో విసునూరు దొరల గడీ ముందుగా సాగిన ఆంధ్ర మహాసభ సంఘం ఊరేగింపు మీద తుపాకులు పేలాయి. దొడ్డి కొమురయ్య నేలకొరిగాడు. ఈ వైపు గడీ అనగానే కళ్లముందు మెదిలేది ఆ బయటి దృశ్యమే: ఎత్తైన గోడ, మూసిన తలుపు, ఎదురుగా జనం. బి.నర్సింగరావు నిర్మించగా గౌతమ్ ఘోష్ తీసిన ‘మా భూమి’ (1979) కూడా ప్రధానంగా గడీని ఊరి వైపు నుంచే చూసింది.

గోడ లోపల ఇంకో బతుకు ఉండేది. దొరసాని కాపురానికి వస్తూ వెంట తెచ్చుకునే ఆడబాపది. పుట్టింటివారు ఇచ్చిన సామానులో ఆమె కూడా ఒకటి. ఊడ్వడం, తోమడం, కాళ్లొత్తడం, దొర పిలిస్తే పోవడం. ఇంత చేసినా గడీ లెక్కల్లో ఆమె మనిషి కాదు.

నిజాం కాలపు కెమెరా ఆమెను వెతకలేదు. ఆరో నిజాం దర్బారు ఫోటోగ్రాఫర్ రాజా దీన్‌దయాళ్ నవాబులను, మహళ్లను, విందులను, వేట విడుదులను అద్భుతంగా తీశాడు. ఆయన తప్పు కాదనుకోండి, పిలిచినవాళ్లే వాళ్లు.

1920ల గడీలోకి తొంగిచూసిన నర్సింగరావు ‘దాసి’ (1988) కెమెరాను అపూర్వ కిశోర్ బీర్‌కు అప్పగించింది. ఒడిశా మనిషి, పూణె ఫిల్మ్ ఇనిస్టిట్యూట్‌లో చదివాడు. తొలి చిత్రం ‘27 డౌన్’లోనే నిజమైన రైళ్లలో, రద్దీ స్టేషన్లలో కెమెరా చేతపట్టి తిరిగి, నలుపు తెలుపు ఛాయాగ్రహణానికి జాతీయ అవార్డు తెచ్చుకున్నాడు.

అంత పరుగెత్తిన కెమెరా ‘దాసి’లో కుదురుగా కూర్చుంది. మాటలు తక్కువ. గడీ దాసి కమలాక్షి (అర్చన) పనిచేస్తుంటే తొందరపడకుండా చూస్తుంది. దొర వల్ల కడుపొచ్చిన ఆమెకు గడీవాళ్లే దాన్ని తీయించేస్తారు. అలాంటి కథకు ఏడుపులు, పెడబొబ్బలు జోడించడం ఎంత తేలికో మన సినిమా ఎరిగినవాళ్లకు చెప్పనక్కర్లేదు. బీర్ మాత్రం గదులను, వసారాలను, వాటి మధ్య తిరిగే ఆ ఒంటరి మనిషిని చూపించి ఊరుకున్నాడు.

ఈ చిత్రానికి ఐదు జాతీయ అవార్డులొచ్చాయి. ఉత్తమ తెలుగు చిత్రం, ఉత్తమ నటి పోగా మిగతా మూడూ కంటికి కనిపించే పనికే: బీర్ ఛాయాగ్రహణానికి, చిత్రకారుడు తోట వైకుంఠం కళా దర్శకత్వానికి, సుదర్శన్ దుస్తులకు. 1989లో మాస్కో చిత్రోత్సవానికీ వెళ్లింది. తెలుగులో దొరల కథలు తర్వాత చాలానే వచ్చాయి. కొరడా, దుమ్ము, జీపు వాటిలో దండిగా ఉన్నాయి, ‘దాసి’ చూపిన వంటిల్లు మాత్రం అరుదు.

జనగామ, పాలకుర్తి వైపు పాత గడీలను డ్రోన్లతో పైనుంచి తీసే యువకులకు ఒక మాట. గోడలు నిలిచి ఉండగానే లోపలికి వెళ్లండి. దొర కూర్చున్న కచేరీ సావడితో పాటు ఆడబాపలు పడుకున్న మూలలను కూడా తీసి పెట్టండి.