ఎవరి వైపు నుంచి వచ్చింది?

మ్యుటేషన్ అనే మాట మనలో చాలామంది మొట్టమొదట విన్నది సైన్సు క్లాసులో కాదు, రెవెన్యూ ఆఫీసులో. తాతగారు పోయాక పొలం నాన్నగారి పేరు మీదికి మార్పించుకోవడానికి మ్యుటేషన్ కావాలని తహసీల్దారు ఆఫీసు చుట్టూ తిరగడం రైతు కుటుంబాలవారందరికీ అనుభవమే. రికార్డులో ఒక పేరు మారుతుంది, పొలం మాత్రం ఉన్నచోటనే ఉంటుంది. జీవశాస్త్రంలో మ్యుటేషన్ కూడా రికార్డులో మార్పే. మన ప్రతి కణంలోనూ తల్లి నుంచి ఒకటి, తండ్రి నుంచి ఒకటి చొప్పున రెండు పెద్ద గ్రంథాలున్నాయి. ఒక్కొక్క దానిలో సుమారు 300 కోట్ల అక్షరాలు. వాటిని నకలు రాసేటప్పుడు ఎక్కడో ఒక అక్షరం మారిపోతుంది. మన పాఠ్యపుస్తకాలు దీనినే ఉత్పరివర్తనం అన్నాయి. ఆ మార్పుతో పుట్టిన ప్రాణి మ్యూటెంట్.

ఈ మాట మా ఇంట్లోకి మరో దారిన వచ్చింది. మా అమ్మాయికి ఎనిమిదేళ్ళు. ఈ మధ్య లైబ్రరీ నుంచి ఎక్స్-మెన్ బొమ్మల పుస్తకాలు తెచ్చుకుని వదలకుండా చదువుతోంది. ఒకనాడు పొద్దున్న ఇడ్లీ తింటూ, "నాన్నా, నేను మ్యూటెంట్‌నా?" అని అడిగింది. దీన్ని పిల్లల ప్రశ్న అని నవ్వి ఊరుకోవడానికి లేదు. మా అమ్మాయికి పుట్టుకతోనే ఎకాండ్రోప్లేసియా ఉంది. కాళ్ళు చేతుల ఎముకలు పొడుగు పెరగవు. తెలివితేటలకు ఏ లోటూ ఉండదు. సంఘం కార్యక్రమాలకు వచ్చేవారందరూ ఆమెను ఎరుగుదురు. ఈ వ్యాసం ఆమెకు చదివి వినిపించి, సరేనన్న తరవాతే పత్రికకు ఇస్తున్నాం.

డాక్టరుగా మాకు జవాబు తెలుసు. తండ్రిగా మాత్రం నోరు పెగల్లేదు. సైన్సు ప్రకారం చూస్తే అది మామూలు మాటే. అయితే కథలలో, సినిమాలలో దాని చుట్టూ నూరేళ్ళుగా పేరుకున్న భయం ఉంది. ఆ భయం ఎక్కడ మొదలయిందో తెలుసుకుందామని కొన్నాళ్ళు రాత్రిపూట చదివాం. చదివినది మీతో పంచుకుంటున్నాం.

ఈ మాటను జీవశాస్త్రంలో ప్రచారంలోకి తెచ్చినవాడు హ్యూగో డి వ్రీస్ అనే డచ్చి వృక్షశాస్త్రవేత్త. 1886లో హిల్వర్సమ్ అనే ఊరి దగ్గర, సాగు మానేసిన బంగాళాదుంపల పొలంలో, సాయంకాలం పూసే పసుపుపచ్చ పూల మొక్కలు ఆయన కంటబడ్డాయి. వాటి మధ్య తల్లిమొక్క పోలికలేని మొక్కలు ఒకటీ అరా కనిపించాయి. వాటిని తోటలో నాటి ఏళ్ళ తరబడి గమనించాడు. కొత్త జాతులు మెల్లమెల్లగా కాక ఒక్క గెంతులో పుడతాయని 1901లో సిద్ధాంతం ప్రకటించాడు. తీరా తరవాత తేలిందేమిటంటే, ఆ మొక్కల క్రోమోసోముల తీరే వేరు. ఆయన చూసినవాటిలో చాలా భాగం మనం ఇప్పుడు జన్యువులో మార్పు అనేవి కానే కావు. సిద్ధాంతం నిలవలేదు. ఒక్క గెంతులో కొత్త జాతి అనే ఊహ మాత్రం కథకులకు మిగిలిపోయింది.

1927లో టెక్సస్ విశ్వవిద్యాలయంలో హెర్మన్ మల్లర్, పళ్ళ మీద ముసిరే చిన్న ఈగల మీద ఎక్స్-కిరణాలు ప్రసరింపజేసి, మ్యుటేషన్లు సుమారు 150 రెట్లు పెరుగుతాయని చూపించాడు. అంతవరకూ దైవాధీనం అనుకున్నది మనిషి చేతిలోకి వచ్చింది. నాలుగేళ్ళకల్లా, 1931లో, జాన్ టేన్ అనే మారుపేరుతో రాసే ఒక గణితశాస్త్రాచార్యుడు రేడియేషన్ వల్ల మారిపోయిన మనిషి మీద నవల రాశాడు. మల్లర్ మాత్రం ఎక్స్-కిరణాలను విచ్చలవిడిగా వాడవద్దని డాక్టర్లను హెచ్చరిస్తూనే ఉన్నాడు. ఈనాడు మాబోటివాళ్ళం ఎక్స్-రే గదిలోకి వెళ్ళేటప్పుడు సీసపు ఏప్రన్ కట్టుకోవడంలో ఆయన పోరు పాలు కూడా ఉంది.

అదే 1927లో ఈ దేశంలో మరొకటి జరిగింది. బుద్ధిమాంద్యం వంశంలోనే ఉందని ముద్ర వేసి, క్యారీ బక్ అనే యువతికి పిల్లలు పుట్టకుండా ఆపరేషన్ చెయ్యడం వర్జీనియా ప్రభుత్వానికి తప్పు కాదని సుప్రీం కోర్టు తీర్పు చెప్పింది. తొమ్మండుగురు జడ్జీలలో కాదన్నది ఒక్కరే. ఆపరేషన్ చేసింది మా వృత్తివాళ్ళే. 1933లో జర్మనీలో హిట్లరు ప్రభుత్వం ఇటువంటి చట్టమే తెచ్చింది. మంచి రక్తం, చెడ్డ రక్తం అని చదువుకున్నవాళ్ళు బాహాటంగా మాట్లాడుకున్న రోజులవి. మ్యూటెంట్ కథలు పెరిగింది ఆ గాలిలోనే.

ఆ గాలికి ఎదురు నిలిచిన మొదటి పెద్ద కథ ఎ. ఇ. వాన్ వోగ్ట్ అనే కెనడా రచయిత రాసిన 'స్లాన్'. 1940లో 'ఎస్టౌండింగ్' పత్రికలో సీరియల్‌గా వచ్చింది. స్లాన్లు అంటే ఎదుటివారి మనసు చదవగలిగిన మనుషులు. లోకమంతా వాళ్ళను వేటాడుతూ ఉంటుంది. కథానాయకుడు తొమ్మిదేళ్ళ కుర్రవాడు. తల్లిని చంపేస్తారు, వాడు పారిపోతాడు. అంతవరకూ ఈ తరహా ప్రాణిని బయట నిలబడి వింతగానో, భయంగానో చూడడమే ఎక్కువ. ఇక్కడ పాఠకుడు వేటాడబడే కుర్రవాడి పక్కన పరుగెత్తాలి. ఆ కాలపు సైన్సు ఫిక్షన్ అభిమానులు, బళ్ళో ఎవరూ ఆటకు పిలవని కుర్రాళ్ళు, తామే స్లాన్లమని చెప్పుకు తిరిగారట.

1945 ఆగస్టులో హిరోషిమా, నాగసాకి నగరాల మీద అణుబాంబులు పడ్డాయి. మల్లర్ ఈగలకు జరిగింది మనుషులకు జరగబోతుందని లోకమంతా వణికింది. 1946లో మల్లర్‌కి నోబెల్ బహుమానం వచ్చింది. 1948లో జూడిత్ మెరిల్ అనే యువతి తన మొదటి సైన్సు ఫిక్షన్ కథ రాసింది. ఒక తల్లి తన పాప ఎంత ముద్దుగా ఉందో, ఎన్ని మాటలు నేర్చిందో దూరాన ఉన్న భర్తకు ఉత్తరాలు రాస్తుంది. భర్త ఇంటికి వచ్చి పాపను ఎత్తుకున్నప్పుడు తెలుస్తుంది, ఆ పాపకు కాళ్ళు చేతులు లేవని. తల్లికి ఆ సంగతి కనిపించనే కనిపించదు. ఆ కథను పిచ్చితల్లి కథగా చదివేవారున్నారు. మేము చదివి చాలాసేపు పుస్తకం మూసి కూర్చున్నాం. మాకు ఆ తల్లి చూపులో అంత పిచ్చి కనబడలేదు.

1954 మార్చి 1న బికినీ దీవిలో అమెరికా పేల్చిన హైడ్రోజన్ బాంబు బూడిద 23 మంది ఉన్న జపాను చేపల పడవ మీద పడింది. ఆ యేడే జపానులో గాడ్జిల్లా సినిమా, ఇక్కడ న్యూ మెక్సికో అణుపరీక్షల వల్ల ఏనుగులంత పెరిగిన చీమల సినిమా వచ్చాయి. ఆ వరసలో వచ్చిన సినిమాల జాబితా చాంతాడంత. వాటి జోలికి పోము.

సినిమాహాళ్ళలో జనం కేకలు పెడుతున్న ఆ రోజుల్లోనే హిరోషిమా, నాగసాకిల్లో డాక్టర్లు లెక్కలు కడుతున్నారు. యుద్ధానంతరం జపానులో బియ్యానికి రేషను. అయిదో నెల నిండిన గర్భిణులకు అదనపు రేషను ఇచ్చేవారు. అందుకోసం పేరు రాయించుకున్న తల్లుల జాబితా పట్టుకుని జేమ్స్ నీల్, విలియం షుల్ అనే అమెరికను శాస్త్రజ్ఞులు, జపాను డాక్టర్లు, మంత్రసానులు కలిసి 1948 నుంచి 1954 దాకా 70,000కు పైగా కాన్పులు పరిశీలించారు. 1956లో ఫలితాలు పుస్తకంగా వచ్చాయి. బాంబు నుంచి బతికి బయటపడి, ఆ తరవాత గర్భం ధరించినవారికి పుట్టిన పిల్లల్లో అవకరాలు, మిగతావారి పిల్లల్లో కన్నా ఎక్కువగా ఉన్నట్టు తేలలేదు. బాంబు చేసిన హాని చిన్నదని దీని అర్థం కాదు. బతికినవాళ్ళలో లుకేమియా పెరిగింది. బాంబు పడేనాటికి తల్లి కడుపులో ఉన్న పిల్లల్లో కొందరు చిన్న తలతో, బుద్ధిమాంద్యంతో పుట్టారు. అయితే కథలు భయపెట్టిన రాక్షస సంతానం మాత్రం పుట్టలేదు.

అంకెలు అలా ఉన్నా భయం మానలేదు. బాంబు నుంచి బయటపడినవారికీ, వారి పిల్లలకీ సంబంధాలు కుదరడం కష్టమయింది. ఆ ఊరివాళ్ళమని చెప్పకుండా దాచుకున్నవాళ్ళున్నారు. సంబంధం మాట్లాడేటప్పుడు 'వాళ్ళింట్లో ఏదో ఉందట' అన్న ఒక్క ముక్క ఎంత పని చేస్తుందో మనకు ఒకరు చెప్పాలా?

1955లో జాన్ విండమ్ అనే ఆంగ్ల రచయిత 'క్రిసలిడ్స్' అనే నవలలో సరిగ్గా ఈ జబ్బునే పట్టుకున్నాడు. అణుయుద్ధం జరిగి ఎన్నో తరాలు గడిచాక, లాబ్రడార్‌లోని ఒక పల్లెలో మనిషి రూపం దేవుడు చెప్పినట్టే ఉండాలని చట్టం. సోఫీ అనే చిన్నపిల్లకు కాలికి ఆరు వేళ్ళు. తల్లిదండ్రులు ఆ పిల్ల పాదాలు ఎవరి కంటా పడకుండా పెంచుతారు. తడి పాదం ముద్ర రాయి మీద పడి సంగతి బయటపడుతుంది. ఆరో వేలు మా వృత్తిలో అతి మామూలు సంగతి. మన వైపు కొందరు అదృష్టమని కూడా అంటారు. ఒకచోట అదృష్టం, ఒకచోట బహిష్కారం. వేలులో తేడా ఏమీ లేదు.

ఇక మా అమ్మాయి చదివే ఎక్స్-మెన్. 1963లో స్టాన్ లీ, జాక్ కిర్బీ కలిసి ప్రారంభించారు. ఇద్దరూ తూర్పు యూరపు నుంచి వలస వచ్చిన యూదు కుటుంబాల పిల్లలు. ఒక్కొక్క వీరుడికీ శక్తి ఎలా వచ్చిందో కారణం కల్పించలేక విసిగిపోయి, వీళ్ళు పుట్టుకతోనే అంతే అనేస్తే సరిపోతుందని ఊహించానని లీ తరవాత చెప్పుకున్నాడు. ముందు 'మ్యూటెంట్స్' అనే పేరు పెడితే, ఆ మాట పిల్లలకు తెలియదని ప్రచురణకర్త ఒప్పుకోలేదట. మొదటి సంచికలో గురువుగారు తన తల్లిదండ్రులు మొదటి అణుబాంబు తయారీలో పనిచేశారని చెబుతాడు. అంటే అక్కడా ఇంకా బాంబు నీడ ఉంది. 1975లో లెన్ వైన్, డేవ్ కాక్రమ్ జట్టును కొత్తగా కూర్చి కెన్యా, జర్మనీ, సైబీరియా, జపాను, కెనడాల నుంచి మనుషులను తెచ్చారు. తలా ఒక యాస. ఆ తరవాత క్రిస్ క్లేర్‌మాంట్ చాలా ఏళ్ళు ఆ కథలు రాశాడు. మొదట్లో వట్టి దుర్మార్గుడిగా ఉన్న మాగ్నెటో నాజీల ఆష్విట్జ్ శిబిరం నుంచి బయటపడినవాడని 1981లో తెలిపాడు. వంశం పేరు చెప్పి మనుషులను ఏరివేసిన శిబిరం అది. అప్పటికి ఈ కథల్లో ప్రశ్న పూర్తిగా మారిపోయింది. ఈ పిల్లలు ఎందుకిలా పుట్టారన్నది పోయి, వీళ్ళను చూసి పక్కింటివాళ్ళు ఎందుకు తలుపులు వేసుకుంటున్నారన్నది వచ్చింది.

మనుషుల్లో మ్యుటేషన్లు ఏ వేగంతో జరుగుతాయో మొట్టమొదట అంచనా వేసినవాడు జె. బి. ఎస్. హాల్డేన్. హీమోఫిలియా కుటుంబాల లెక్కలు చూసి 1935లో ఆ పని చేశాడు. 1947లో, ఈ మార్పులు తల్లి వైపు కన్నా తండ్రి వైపు ఎక్కువగా పుడతాయని కూడా సూచించాడు. ఈయన 1957లో ఇంగ్లండు వదిలి మన దేశం వచ్చాడు. ఇక్కడ ఆయన శిష్యుల్లో ఒకరు మన పిఠాపురానికి చెందిన ద్రోణంరాజు కృష్ణారావుగారు. 1964లో హాల్డేన్ భువనేశ్వర్‌లో పోయాక, ఆయన కోరిక ప్రకారం దేహాన్ని కాకినాడ రంగరాయ వైద్య కళాశాలకు ఇచ్చారు. కాకినాడలో చదివిన మిత్రులు మనలో చాలామంది ఉన్నారు గనక ఈ సంగతి చెబుతున్నాం.

మా పాప పుట్టిన వారం రోజుల్లో రెండు ఇళ్ళ నుంచీ ఫోన్లు. "మా వైపు ఇటువంటివాళ్ళు ఎవరూ లేరు" అంది మా అమ్మ. అత్తగారు కూడా అక్షరాలా అదే మాట. ఇద్దరూ చెప్పింది నిజమే. ఎకాండ్రోప్లేసియాతో పుట్టే పిల్లల్లో నూటికి 80 మంది తల్లిదండ్రులు మామూలు ఎత్తువాళ్ళే. దాదాపు అందరిలోనూ ఒకే జన్యువులో, ఒకే చోట, ఒకే అక్షరం మారుతుందని 1994లో తెలిసింది. ఆ కొత్త మార్పు తండ్రి కణంలోనే జరుగుతుందని ఆ తరవాత తేలింది. అంటే హాల్డేన్ అన్నట్టే. కావాలంటే మా వైపు నుంచే వచ్చిందనుకోవచ్చు. వంశంలో లేదు, మేనరికం కాదు, ఎవరి పాపమూ కాదు. నకలు రాసేటప్పుడు ఒక్క అక్షరం జారింది, అంతే. ఇది తెలిసి కూడా ఆ రోజుల్లో పెద్దవాళ్ళకు సరిగ్గా చెప్పలేకపోయాం. ఇద్దరు వియ్యపురాళ్ళూ ఏడాది పాటు ముభావంగా ఉండిపోయారు. మా ఇంటావిడ ఆ యేడు సంక్రాంతికి సంఘానికి రాలేదు. ఒంట్లో బాగులేదని చెప్పాం. కారణం అది కాదు.

చివరికి మా అమ్మాయికి ఇచ్చిన జవాబు ఇది. "అవును, నువ్వు మ్యూటెంట్‌వి. మేమూను. పుట్టిన ప్రతి బిడ్డలోనూ అమ్మానాన్నల్లో లేని కొత్త మార్పులు సుమారు 60, 70 ఉంటాయి. బామ్మలో, అమ్మమ్మలో, మీ టీచరులో, అందరిలోనూ." ఆమె కాసేపు ఆలోచించి, "మరి వాళ్ళెవరికీ చేతులు కడుక్కోవడానికి పీట అక్కర్లేదేం?" అంది. నిజమే. చాలా అక్షరాలు మారినా ఏమీ కాని చోట మారతాయి. కొన్ని మారితే పీట కావలసి వస్తుంది. పీట వెయ్యడం మన పని అని చెప్పాం. అందుకు ఒప్పుకుంది.

పాఠకులకు ఒక్క మనవి. ఎవరి ఇంట్లోనైనా ఇటువంటి బిడ్డ పుడితే, చూడటానికి వెళ్ళినప్పుడు 'ఎవరి వైపు నుంచి వచ్చింది?' అని అడగకండి. ఎన్ని కిలోలు పుట్టింది, ఏం పేరు పెడుతున్నారు అని అడగండి. మిగతా బిడ్డల ఇంట్లో అడిగేది అదే కదా.

మా అమ్మాయి వచ్చే ఉగాదికి వామనావతారం పద్యాలు రెండు చదువుతానంటోంది. బామ్మ ఫోనులో నేర్పుతోంది, అమ్మమ్మ తప్పులు దిద్దుతోంది. కార్యక్రమం చూసేవారు ఆనాడు మైకు స్టాండు కాస్త కిందికి దించితే చాలు.